అజాడిరాక్టిన్ అని రాసే ముందు

అమ్మడూ,

వ్యవసాయ విస్తరణాధికారిగా నీకు ఉత్తర్వులు అందాయని మీ అమ్మ చెప్పింది. నేను నడిచిన దారిలోకే నువ్వూ వస్తున్నావంటే నా సంతోషం ఇంతా అంతా కాదు. మేనమామగా నీకు చెప్పాలనుకున్నవి చాలా ఉన్నాయి. అన్నీ ఒకేసారి చెబితే ఏదీ నిలవదు కాబట్టి ఇవాళ ఒక్క పేరు గురించే రాస్తున్నాను. రైతువేదికలో కూర్చున్న మొదటి రోజుల్లోనే ఆ పేరు నీ కలం నుంచి చీటీ మీదికి వస్తుంది. మిరపకు రాస్తావు, పత్తికి రాస్తావు, మక్కకు రాస్తావు. అజాడిరాక్టిన్.

కాలేజీలో ఈ పేరును పరీక్ష కోసం నేర్చుకున్నావు. ఇక మీదట ఇంకొకరి డబ్బుతో, ఇంకొకరి పైరు మీద వాడబోతున్నావు. అది ఏం చెబుతుందో, ఏం చెప్పదో తెలుసుకోకుండా రాయొద్దు తల్లీ. మన పల్లెల్లో వేప పేరు చెప్పి అమ్మే సరుకు ఎంతో ఉంది. వేప అనగానే రైతు మారుమాట లేకుండా నమ్ముతాడు. ఆ నమ్మకం తాతముత్తాతల నుంచి వచ్చింది, దాన్ని నేను తప్పుపట్టను. అయితే వేప చెట్టు పేరు. అజాడిరాక్టిన్ ఆ చెట్టు గింజలో ఉండే ఒకానొక పదార్థం పేరు. దానికి తూకం ఉంది, పనిచేసే తీరు ఉంది, ఆయుష్షు ఉంది. ఈ తేడా రైతుకు విప్పి చెప్పగలిగితే నీ చీటీకి విలువ ఉంటుంది.

ముందు పేరు పుట్టుక చూద్దాం. దీనివల్ల పొలంలో ఒక పొరపాటు తప్పుతుంది కాబట్టి ఓపిగ్గా చదువు. పారశీకంలో ఆజాద్ అంటే స్వేచ్ఛ గలది, ఉదాత్తమైనది. దరఖ్త్ అంటే చెట్టు. హైదరాబాదు పాతబస్తీలో ఇవి రెండూ ఇప్పటికీ రోజువారీ మాటలే. ఆ ఆజాద్ దరఖ్త్ యూరప్ వృక్షశాస్త్రజ్ఞుల లాటిన్‌లోకి వెళ్లి అజాడిరాక్టా అయింది. 1753లో లిన్నేయస్ మన వేపను మీలియా అజాడిరాక్టా అన్నాడు. 1830లో ఫ్రెంచి శాస్త్రజ్ఞుడు ఆడ్రియన్ ద జుస్సియూ దాన్ని మీలియాల నుంచి విడదీసి అజాడిరాక్టా అనే వేరే ప్రజాతిగా నిలబెట్టాడు. ఇప్పుడు మనం రాసే అజాడిరాక్టా ఇండికా అదే. దాని చివర 'ఇన్' చేరిస్తే అజాడిరాక్టిన్. కర్కుమిన్, నికోటిన్, పైపరిన్ అన్నింటి చివరా ఉన్నది ఇలాంటి తోకే. ఫలానా మొక్కలో దొరికినది అని మాత్రమే దాని అర్థం. పుట్టినిల్లు చెబుతుంది తప్ప గుణం చెప్పదు.

చిక్కు ఎక్కడుందంటే, పారశీకులు ఆజాద్ దరఖ్త్ అని ముఖ్యంగా పిలిచింది మన వేపను కాదు, దాని దాయాది తురకవేపను. తురకవేప శాస్త్రీయ నామం చూడు: మీలియా అజెడరాక్. అదే మాట ఇంకో రూపంలో ఉంది. పేర్లు ఇట్లా కలిసిపోయినట్టే ఊళ్లో గింజలూ కలిసిపోతాయి. తురకవేప పూలు లేత ఊదారంగులో ఉంటాయి. దాని కాయలు గుండ్రంగా, పండాక పసుపుపచ్చగా ఉండి, ఆకులన్నీ రాలిపోయినా గుత్తులుగా కొమ్మలను పట్టుకునే ఉంటాయి. మన వేపపండు కోలగా ఉంటుంది, తెల్లని పూల నుంచి వస్తుంది. తురకవేప కాయలు మనుషులకూ పశువులకూ విషం, పిల్లలున్న చోట మరీ జాగ్రత్త. ఇక ప్లైవుడ్ కోసం ఈమధ్య ఎకరాలకెకరాలు వేస్తున్న మలబార్ వేప పేరులోనూ వేప ఉంది. అదీ మీలియానే. ఈ రెండింటి గింజలకు నువ్వు చెప్పే మోతాదు లెక్కలు వర్తించవు. మీ క్లస్టర్‌లో వేపగింజలు ఏరే మహిళా సంఘాలు ఉంటే మూడు చెట్ల కాయలనూ పక్కపక్కన పెట్టి చూపించు. నోటితో చెప్పినది మరిచిపోతారు, చేత్తో పట్టుకున్నది మరవరు.

వేపలోని పదార్థాలకు పేర్లు పెట్టడం అజాడిరాక్టిన్‌తో మొదలుకాలేదు. 1942లో సలీముజ్జమాన్ సిద్దిఖీ వేపనూనె నుంచి చేదు పదార్థాలను విడిగా తీసి నింబిన్, నింబినిన్, నింబిడిన్ అని పేర్లు పెట్టాడు. సంస్కృత నింబం నుంచి వచ్చిన పేర్లవి. ఈయనే అంతకు ముందు సర్పగంధి నుంచి తీసిన పదార్థానికి తన గురుతుల్యుడైన హకీం అజ్మల్ ఖాన్ పేరు మీద అజ్మలిన్ అని పెట్టాడు. మన మందుల చరిత్రలో ఇంత కృతజ్ఞత నిండిన పేరు నాకు మరొకటి తెలియదు. నీకు పనికొచ్చే సంగతి ఏమిటంటే, వేపలో చేదుగా ఉన్నదల్లా అజాడిరాక్టిన్ కాదు. నింబిన్ ఉంది, సలానిన్ ఉంది, ఇంకా ఎన్నో ఉన్నాయి. వీటన్నిటినీ కలిపి లిమోనాయిడ్లు అంటారు. నిమ్మగింజ కొరికినప్పుడు తగిలే చేదు లిమోనిన్‌ది, ఆ కుటుంబానికి పేరు దాని నుంచే వచ్చింది. వేపనూనెకు ఉండే ఘాటు వాసన మటుకు గంధకం ఉన్న పదార్థాల వల్ల. కాబట్టి నాలుక మీద వేసుకొని చేదు చూసి, మూత తీసి వాసన చూసి మందు బలం చెప్పడం కుదరదు. దుకాణాల దగ్గర చాలామంది రైతులు చేసే పరీక్ష ఇదే. వాళ్లను చిన్నబుచ్చకుండా ఈ విషయం చెప్పు.

అజాడిరాక్టిన్ బయటపడింది మిడతల వల్ల. 1959లో సూడాన్‌లో మిడతల దండు పచ్చనిదంతా మేసి వెళ్లాక వేపచెట్లు మాత్రం ఆకులతో నిలబడి ఉండటాన్ని జర్మన్ కీటకశాస్త్రజ్ఞుడు హైన్రిక్ ష్ముట్టరర్ గమనించాడు. మన దేశంలో భారత వ్యవసాయ పరిశోధనా సంస్థలో ఎస్. ప్రధాన్, ఆయన సహచరులు వేపగింజల పొడిని నీళ్లలో కలిపి పైర్ల మీద చల్లి, మిడతలు వాటిని ముట్టకపోవడాన్ని 1962లో లోకానికి చెప్పారు. మిడతల నోరు కట్టేస్తున్న ఆ పదార్థాన్ని 1968లో ఇంగ్లండ్‌లోని కీల్ విశ్వవిద్యాలయంలో బటర్‌వర్త్, మోర్గన్ విడిగా తీశారు, పేరు పెట్టారు. మనం పల్లెల్లో కోట్లసార్లు తొక్కుకుంటూ పోయిన గింజ అది. మన దేశంలో పురుగుమందుల చట్టం వచ్చిందీ అదే 1968లో. ఈ రెండూ ఒకే ఏడు రావడం కాకతాళీయమే అయినా, నీ ఉద్యోగంలో రెండింటితోనూ పని పడుతుంది.

ఆ అణువు ఎంత చిక్కుగా అల్లుకొని ఉందంటే దాని కట్టడం పూర్తిగా తేలడానికే 1980ల రెండో సగం దాకా పట్టింది. దాన్ని ప్రయోగశాలలో మొదటినుంచీ కట్టాలని స్టీవెన్ లే బృందం పూనుకుంటే 22 ఏళ్లు పట్టింది. 2007లో కేంబ్రిడ్జ్‌లో ఆ పని ముగిసింది. ఇంత కష్టమైన దాన్ని ఏ కర్మాగారమూ ఇలా తయారుచేసి అమ్మదు. అందువల్ల సీసాలో అజాడిరాక్టిన్ నిజంగా ఉంటే, అది ఎక్కడో ఒక చెట్టు కింద ఎవరో నడుం వంచి ఏరిన గింజ నుంచి వచ్చిందే. ఏరేవాళ్లలో ఎక్కువమంది ఆడవాళ్లు. మీ మండలంలో గింజ కొనేవాళ్లు వాళ్లకు ఏ ధర ఇస్తున్నారో కూడా కనుక్కుంటూ ఉండు. అది నీ విధుల జాబితాలో ఉండదు, అయినా కనుక్కో.

ఇప్పుడు అది చేసే పని. నీ మాట రైతు దగ్గర నిలుస్తుందా, పోతుందా అన్నది ఇక్కడే తేలుతుంది. మోనోక్రోటోఫాస్ లాంటి మందులు పురుగు నరాల మీద దెబ్బ కొడతాయి. గంటల్లో పురుగు గిలగిల కొట్టుకొని రాలుతుంది. తండ్రి కాలం నుంచి రైతు చూసింది అదే. మందు కొట్టామంటే తెల్లారేసరికి సాళ్లలో పురుగులు పడి ఉండాలి. అజాడిరాక్టిన్ అలా చంపదు. ముందు తిండి మాన్పిస్తుంది. మందు పడిన ఆకును కొరికిన పురుగుల్లో చాలా రకాలు తినడం తగ్గిస్తాయి, కొన్ని ముట్టడమే మానేస్తాయి. ఆ తర్వాత లోపల పనిచేస్తుంది. లద్దె పురుగు పెరగాలంటే కుబుసం విడవాలి. విడవమని దాని ఒంటికి చెప్పేది ఎక్డైసోన్ అనే హార్మోను. అజాడిరాక్టిన్ ఆ హార్మోను వేళకు విడుదల కాకుండా అడ్డుపడుతుంది. పురుగు పాత చర్మంలో ఇరుక్కుపోతుంది, లేకుంటే సగం విడిచి అక్కడే ఆగి చస్తుంది. ఎలాగో గట్టెక్కి రెక్కల పురుగైనా గుడ్లు పెట్టే శక్తి తగ్గుతుంది. మందు పడిన ఆకుల మీద గుడ్లు పెట్టడానికీ తల్లిపురుగులు వెనకాడతాయి.

దీనంతటికీ రోజులు పడతాయి. మూడు నాలుగు రోజుల దాకా పురుగు కళ్ల ముందు కనబడుతూనే ఉంటుంది. ఈ ముక్క ముందుగా చెప్పకపోతే ఏమవుతుందో విను. తెల్లారి చేనుకు వెళ్లిన రైతు పురుగును చూసి, పిల్ల ఆఫీసరు రాసిన మందు పనిచేయలేదనుకుంటాడు. సాయంత్రానికి దుకాణానికి వెళ్లి ఘాటైన మందు తెచ్చి దాని మీద కొడతాడు. రెండు మందుల ఖర్చు, రెండు రోజుల కూలి, పైగా పొలంలో ఉన్న అక్షింతల పురుగులు, సాలీళ్లు కూడా పోతాయి. అజాడిరాక్టిన్ ఆకును తినే పురుగు కడుపులోకి వెళ్లాకే గట్టిగా పనిచేస్తుంది కాబట్టి మిత్రపురుగులకు దానివల్ల హాని తక్కువ. ఆ లాభమంతా ఒక్క రాత్రి తొందరలో పోతుంది. అందుకే మందు రాసిన రోజే చెప్పు: రేపు పురుగులు లెక్కపెట్టొద్దు, ఆకు మీద కొత్త కొరుకుళ్లు పడుతున్నాయా, తాజా లద్దె కనబడుతోందా, అది చూడు. వీలైతే నాలుగో రోజు నువ్వే ఆ చేనుకు వెళ్లు.

ఎప్పుడు వాడాలో కూడా ఈ పనితీరే చెబుతుంది. గుడ్లప్పుడు, గుడ్డు పగిలి వచ్చిన చిన్న పురుగులప్పుడు దీని బలం కనబడుతుంది. 2018లో కర్ణాటకలోని శివమొగ్గలో మొదట కనబడి, ఆ వెంటనే మన మక్కచేలలోకి వచ్చిన కత్తెర పురుగుకు శాస్త్రవేత్తలు ఇచ్చిన సూచన గుర్తుందా? మొక్క చిన్నగా ఉండి నూటికి ఐదు మొక్కల్లో నష్టం కనబడగానే ఐదు శాతం వేపగింజల కషాయం గానీ, 1500 పిపిఎం అజాడిరాక్టిన్ లీటరు నీటికి 5 మిల్లీలీటర్లు గానీ చల్లమన్నారు. సుడిలోకి దిగి మలంతో దారి మూసుకున్న పెద్ద పురుగుకు అది రాయలేదు. కాయలో తలపెట్టి ఉన్న శనగపచ్చ పురుగుకు కూడా రాయొద్దు. ఆ దశలో రాస్తే మందు తప్పు కాదు, రాసిన మన తప్పు. లింగాకర్షక బుట్టల్లో పురుగులు పడటం చూసి, గుడ్లు వెతికి, అప్పుడు రాయి.

పిపిఎం దగ్గర ఇంకాస్త నిలబడదాం. దుకాణంలో 300 ఉంటుంది, 1500 ఉంటుంది, 3000 ఉంటుంది, 10,000 ఉంటుంది, 50,000 కూడా దొరుకుతుంది. అన్నిటి మీదా బొమ్మ వేపాకుదే, పేరు అజాడిరాక్టినే. పిపిఎం అంటే పది లక్షల భాగాల్లో ఎన్ని భాగాలు అని. 10,000 పిపిఎం అంటే ఒక శాతం. 1500 అంటే 0.15 శాతం. పాలకేంద్రంలో ఎన్ని లీటర్లు పోసినా వెన్న శాతం చూసే డబ్బు లెక్కగడతారు, రైతుకు ఆ సంగతి నువ్వు నేర్పనక్కర్లేదు. పిపిఎం కూడా అట్లాంటిదేనని చెబితే ఒక్క నిమిషంలో అర్థమవుతుంది.

లెక్క కట్టి చూపించు. 1500 పిపిఎం సీసా లీటరులో ఉండే అజాడిరాక్టిన్ సుమారు ఒకటిన్నర గ్రాము. లీటరు నీటికి 5 మిల్లీలీటర్లు వేస్తే అందులోకి వెళ్లేది ఏడున్నర మిల్లీగ్రాములు. ఎకరానికి 200 లీటర్ల నీళ్లు పడితే లీటరు మందు సరిపోతుంది. అంటే ఎకరం పైరును కాపాడేది ఒకటిన్నర గ్రాము. నేను మొదటిసారి ఈ లెక్క వేసుకున్నప్పుడు ఆ గింజ మీద గౌరవం రెట్టింపయింది. ఇప్పుడు అదే 5 మిల్లీలీటర్లు 300 పిపిఎం సీసా నుంచి పోస్తే వెళ్లేది ఒకటిన్నర మిల్లీగ్రాము మాత్రమే, ఐదో వంతు. తక్కువ ధరకు వచ్చిందని 300 కొని, 1500కు చెప్పిన మోతాదులో వాడిన రైతు వేప పనిచేయదనే నిర్ణయానికి వస్తాడు. 10,000 పిపిఎం తెచ్చుకొని దాన్నీ 5 మిల్లీలీటర్ల చొప్పున పోస్తే 50 మిల్లీగ్రాములు. డబ్బు దండగ, లేత ఆకు మాడే ప్రమాదం కూడా. కాబట్టి చీటీ మీద 'వేపనూనె 5 ఎం.ఎల్.' అని ఎప్పుడూ రాయొద్దు. పిపిఎం అంకె లేకుండా ఆ పేరు సగం పేరే. ఆపైన రైతు అడిగేది లీటరుకు ఎంత అని కాదు, ట్యాంకుకు ఎంత అని. 16 లీటర్ల ట్యాంకుకు 80 మిల్లీలీటర్లు అని తేల్చి చెప్పు. మూతలతో కొలిచే అలవాటు మాన్పించి, కొలపాత్ర చేతికివ్వు.

వేపనూనె అన్న మాట దగ్గర కూడా జాగ్రత్త. గానుగ నూనెలో అజాడిరాక్టిన్ కొంత ఉండొచ్చు, ఎంత అన్నది గింజను బట్టి, తీసిన తీరును బట్టి మారిపోతుంది. 1994లో యూరప్ పేటెంట్ కార్యాలయం అమెరికా వ్యవసాయ శాఖకూ ఒక కంపెనీకీ కలిపి ఇచ్చిన వేప పేటెంటు గురించి నువ్వు విని ఉంటావు. అందరూ వేపచెట్టునే పేటెంట్ చేశారనుకుంటారు. అది బూజు తెగుళ్ల మీద వేపనూనె వాడే పద్ధతికి సంబంధించినది. వందనా శివ తదితరులు ఎదిరించి నిలబడితే 2000లో రద్దయింది, 2005లో అప్పీలు కూడా కొట్టేశారు. మన రైతులకు ముందే తెలిసిన విద్య అని నిరూపించి గెలిచిన ఆ పోరాటం అంటే నాకెంతో గౌరవం. అందులో కూడా చెట్టు ఏది, నూనె ఏది, పద్ధతి ఏది అని విడివిడిగా చూసినవాళ్లకే వాదన నిలిచింది. యూరియా సంగతీ అంతే. 2015 నుంచి దేశంలో తయారయ్యే యూరియా అంతటికీ వేపపూత తప్పనిసరి చేశారు. ఆ పూత నత్రజని త్వరగా వృథా కాకుండా చూడటానికి. వేప యూరియా వేశాం కదా, పురుగు రాదులే అనుకునే రైతు నీకు తప్పక ఎదురవుతాడు.

సీసా కొనలేని రైతుకు, కొనాలని లేని రైతుకు కషాయం ఉంది. నాకు దాని మీదే మక్కువ ఎక్కువ. ఐదు కిలోల గింజపప్పు పొడిని పది లీటర్ల నీళ్లలో రాత్రంతా నానబెట్టి, పొద్దున పలుచటి గుడ్డలో వేసి పిండి వడకట్టి, నూరు లీటర్లకు పెంచాలి. వంద గ్రాముల సబ్బు పొడి చివర్లో, కొట్టబోయే ముందు కలపాలి. పప్పు కిలోకు రెండు నుంచి నాలుగు గ్రాముల అజాడిరాక్టిన్ ఉంటుందనుకో. నీళ్లలోకి దిగేది అందులో కొంతే అయినా, సీసా మందుకు ఏమీ తీసిపోదు. ఖమ్మం జిల్లాలో అప్పుడున్న పునుకుల గ్రామం 2000 తర్వాతి తొలి ఏళ్లలో పత్తి మీద రసాయన మందులు మాని ఈ కషాయాలతోనే నిలబడింది. ఆ ఊరి పేరు మీ రైతులకు చెప్పు, దగ్గర ఊరివాళ్లు చేసిన పని అంటే నమ్మకం కుదురుతుంది.

చెప్పాల్సిన మాట ఇంకోటుంది. చాలామంది ఆకు దంచి కషాయం కాచుకుంటారు. ఆకులో అజాడిరాక్టిన్ చాలా తక్కువ, అది చేరేది గింజలో. ఆకు కషాయం వద్దని చెప్పకు, దానికి దాని ఉపయోగాలున్నాయి. అయితే అజాడిరాక్టిన్ పేరుతో చెప్పిన ఫలితాన్ని దాని నుంచి ఆశించొద్దని చెప్పు. కాచడం కూడా అక్కర్లేదు. మంట మీద మరగబెడితే ఈ పదార్థం చెడుతుంది. కషాయం అనే మాట విని పొయ్యి వెలిగించేవాళ్లున్నారు, అందుకే నానబెట్టమని నొక్కి చెప్పు.

ఎండ కూడా దీనికి పడదు. వెలుతురు తగిలితే విరిగిపోతుంది, ఆకు మీద వారం రోజులు నిలవడమే గొప్ప. అందుకే సాయంత్రం కొట్టమంటాం. తేనెటీగలు గూటికి చేరే వేళ కూడా అదే కాబట్టి రెండు విధాలా మంచిది. నీటి సంగతి మాత్రం ఎవరూ చెప్పరు, నువ్వు చెప్పు. కాస్త పులుపు గుణం ఉన్న నీళ్లలో అజాడిరాక్టిన్ నిలుస్తుంది, క్షారగుణం ఉన్న నీళ్లలో త్వరగా చెడిపోతుంది. మన దగ్గర ఎన్నో బోర్ల నీళ్లు క్షారమే. పీహెచ్ పట్టీ ముంచి చూడు. ఎనిమిది దాటితే చెరువు నీళ్లు గానీ వాన నీళ్లు గానీ వాడమను, లేకుంటే నిమ్మరసమో నిమ్మ ఉప్పో కొద్దికొద్దిగా కలిపి ఆరు దగ్గరికి తెమ్మను. సున్నం ఉన్న బోర్డో మిశ్రమంతో కలిపి కొట్టనివ్వకు. కలిపిన మందును రేపటికి దాచనివ్వకు.

దుకాణాలకు తనిఖీకి వెళ్లినప్పుడు బొమ్మలు, నినాదాలు చూడకు. చట్టం కింద ఇచ్చిన రిజిస్ట్రేషన్ నంబరు ఉందా, అజాడిరాక్టిన్ ఎంత శాతమో రాశారా, బ్యాచ్ నంబరు, తయారీ తేదీ, గడువు తేదీ ఉన్నాయా, అవి చూడు. నిల్వ ఉన్నకొద్దీ దీని బలం తగ్గుతుంది, గడువు తేదీని ఈ మందు విషయంలో మరింత పట్టించుకోవాలి. 'బయో' అని పెద్ద అక్షరాలు వేసి, లోపల ఏముందో రాయని సీసాలు వస్తాయి. వాటిలో రసాయన మందులు కలిపిన సందర్భాలు నా ఉద్యోగంలోనే చూశాను. వేపమందు అని కొట్టిన సాయంత్రమే పురుగులు కుప్పలుగా రాలాయని ఎవరైనా మెచ్చుకుంటే నువ్వు సంతోషించకు, ఆ సీసా తెప్పించు, మీ మండల వ్యవసాయాధికారికి చెప్పి నమూనా తీయించు. సేంద్రియమని నమ్మి కూరగాయలు కొనే ఇల్లాలికి, మాస్కు లేకుండా కొట్టే కూలీకి అన్యాయం జరిగేది అక్కడే.

ఇంకో సంగతి చెప్పకుండా ముగించలేను. అజాడిరాక్టిన్ మనుషులకు పెద్దగా హాని చేయదని నువ్వు చదువుకున్నావు, నిజమే. కాని ఆ మాట వేపనూనెకు వర్తించదు. 1981లో మలేషియాలో వేపనూనె తాగించిన పసిపిల్లలకు వాంతులు, మూర్ఛలు వచ్చి మెదడు, కాలేయం దెబ్బతిన్న సంగతి వైద్యులు రాశారు. మన ఇళ్లలోనూ కడుపు శుభ్రం కోసం, జలుబు కోసం చంటిపిల్లలకు చుక్కలు పోసే అలవాటు అక్కడక్కడా ఉంది. వేప మంచిదే కదా అంటారు పెద్దవాళ్లు. వాళ్లతో గొడవపడకుండా, నెమ్మదిగా, ఆ సీసా పిల్లల చేతికందకుండా పైన పెట్టించు. మందు నూనె అయితే మరీ ముఖ్యం, అందులో నీళ్లలో కలవడానికి వేరే పదార్థాలు కూడా ఉంటాయి.

ఇక గింజల సేకరణ. ఉగాదికి పూసిన చెట్టు జ్యేష్ఠం, ఆషాఢాల్లో పండ్లు రాలుస్తుంది. రాలిన పండ్లను వానకు తడవకముందే ఏరించాలి. గుజ్జు కడిగి, నీడలో ఆరబెట్టి, గోనెసంచుల్లో నిల్వ చేయించు. ప్లాస్టిక్ సంచిలో చెమ్మ పట్టి బూజు వస్తుంది, బూజు పట్టిన గింజ పనికిరాదు. ఏడాది దాటిన గింజలో బలం తగ్గిపోతుంది, కాబట్టి సంచి మీద నెల రాయించు. 2021లో తెలంగాణ అంతటా వేపచెట్లు కొమ్మల చివరి నుంచి ఎండుకొచ్చాయి, ఫోమాప్సిస్ అజాడిరాక్టే అనే శిలీంధ్రం పని అది. ఆ పేరులోనూ మన ఆజాద్ దరఖ్త్ ఉంది చూశావా. చెట్లు చాలావరకు మళ్లీ చిగిర్చాయి. అయినా మీ క్లస్టర్‌లో ఏ ఊళ్లో ఎన్ని చెట్లు కాపు మీద ఉన్నాయో ఒక నోటు పుస్తకంలో రాసి పెట్టుకో. మిరపనారు పోసే రోజులకు నేను అటు వస్తాను. పీహెచ్ పట్టీలు, కొలపాత్రలు నేను తెస్తాను, గింజ పొడి చేసే మర ఎవరి దగ్గరుందో నువ్వు కనుక్కొని ఉంచు.

నీ మేనమామ